తెరిపి ఎంతసేపు

మొగిలికి చిన్నప్పటి నుంచీ ఒంటికి పడని మాట ఒకటుంది. ఆ మాట "ఏమో."

ఏడుమెట్ల ఊళ్ళో ఆ మాట వినకుండా పెరగడం ఎవరి తరమూ కాదు. ఆ లోకంలో ఆకాశాన ఇద్దరు సూర్యులు, పెద్దసూరీడూ చిన్నసూరీడూ. రోజూ మధ్యాహ్నం చిన్నసూరీడు పెద్దసూరీడి వెనక్కి వెళ్ళి దాక్కుంటాడు. దాక్కున్నంతసేపూ ప్రాణం లేనివన్నీ ఉన్నచోటే ఆగిపోతాయి. కాలవలో నీళ్ళు నిలబడతాయి. పొయ్యిలో మంట కదలదు. రాలిన ఆకు గాలిలోనే ఉండిపోతుంది, ఎవరైనా చేత్తో పట్టుకుని కింద పెడితే తప్ప నేల చేరదు. మనుషులూ గొడ్లూ పిట్టలూ పురుగులూ మాత్రం మామూలుగానే తిరుగుతుంటాయి. ఆ కాలాన్ని తెరిపి అంటారు. రోజుకు ఇరవై గడులూ ఒక తెరిపీ అని అక్కడి లెక్క. గడి అంటే ఎంతో పసిపిల్లలు కూడా చెప్తారు. తెరిపి ఎంతసేపు అని అడిగితే మాత్రం పండితుడి దగ్గర నుంచి పాలమ్మే ఆమె దాకా అందరిదీ ఒకటే జవాబు. ఏమో.

పాపం, వాళ్ళు మాత్రం ఏం చేస్తారు? తెరిపిలో నీటి గడియారం చుక్క రాల్చదు, ఇసుక గడియారం ఇసుక జార్చదు. దానికి తోడు తెరిపిలో లెక్క పెట్టకూడదని తాతల నాటి కట్టుబాటు. పిల్లలు కూడా ఆ సమయానికి గవ్వలాట ఆపేసి ఊరికే కూర్చుంటారు. ఇదంతా మొగిలికి ఒళ్ళుమంట. ఊరికంతటికీ గడియారాలు చేసిపెట్టే మనిషి తను. రోజులో ఒక ముక్క ఎంతుందో తెలియకుండా బతకడం ఆమెకు పంటి కింద రాయిలా ఉండేది.

అలాంటి మనిషికి ముప్పై నాలుగో ఏట ఒక ఆలోచన వచ్చింది. ప్రాణం లేనివి ఆగిపోతే ఆగిపోనీ, ప్రాణమున్న దాంతోనే గడియారం చేస్తే?

పన్నెండు చిన్న వెదురు చక్రాలు చేసింది. ఒక్కోదానిలో ఒక గండుచీమను వదిలి, ఎదురుగా అందీ అందనట్టు బెల్లం ముక్క వేలాడదీసింది. చీమ బెల్లం వైపు నడుస్తుంటే దాని కాళ్ళ కింద చక్రం తిరుగుతుంది, బెల్లం ఉన్నంత దూరంలోనే ఉంటుంది. పన్నెండు చక్రాలూ కలిసి ఒక పెద్ద పళ్ళచక్రాన్ని తిప్పుతాయి. మామూలు వేళల్లో నీటి గడియారం పక్కన పెట్టి చూస్తే గడికి రెండు వేల పళ్ళు తిరిగింది. పది రోజులు చూసినా పదో పాతికో పళ్ళ తేడా, అంతే. తెరిపి వచ్చింది. నీటి గడియారం ఆగింది. చీమలు ఆగలేదు. చక్రం టిక్కు టిక్కుమంటూనే ఉంది.

మొగిలి పీట మీదే కూర్చుని ఏడ్చేసింది. సంతోషంతోనే.

సంతోషం ఒకటే కాదు, అవసరం కూడా ఉంది. ఆమె భర్త కేదారి రాతిగనిలో పనివాడు. కిందటేడు సమ్మెట దెబ్బకు ఎగిరిన రాతి పెచ్చు ఒకటి పక్కటెముకల మధ్య నుంచి లోపలికి దిగింది. గోరంత ముక్క. పైన గాయం మానిపోయింది కానీ ముక్క లోపలే ఉండిపోయి, నెలనెలా కాస్త కాస్తగా గుండె వైపు జరుగుతోంది. ఇప్పుడు కేదారి నాలుగు మెట్లెక్కితే గోడ పట్టుకుంటున్నాడు.

ఏడుమెట్లలో కత్తి పట్టే వైద్యులు తెరిపిలోనే కోస్తారు. ఒంట్లో ఉన్నంతసేపే రక్తానికి ప్రాణం. గాయం అంచు దాటిందంటే అదీ ప్రాణం లేని వస్తువే, అక్కడే పూసలా నిలబడిపోతుంది తప్ప కారదు. తెరిపి వెళ్ళేలోగా కుట్టు పడాలి. పడకపోతే ఏమవుతుందో గనిపనివాడు పోలన్నని అడిగితే చెప్తాడు. మొన్నటికి మొన్న అతని ముంజేతిలో ముల్లు తీస్తుండగానే తెరిపి ఉన్నట్టుండి వెళ్ళిపోయింది. రక్తం ఎగజిమ్మింది. వైద్యుడు గవరయ్య కంగారులో దొరికిన నరమల్లా బిగించి కట్టాడు. ప్రాణం దక్కింది కానీ బొటనవేలు వంగడం మానేసింది.

ఆ రోజు నుంచీ గవరయ్యకు చేతిలో వణుకు పట్టుకుంది. చీమల గడియారం సంగతి విని వెతుక్కుంటూ మొగిలి ఇంటికి వచ్చాడు.

"అమ్మాయ్, నాకు ఒక్క మాట చెప్పు. తెరిపి ఎంతసేపు?"

"పదకొండు వందల పళ్ళు, వైద్యులుగారూ. ఇరవై రోజుల నుంచీ చూస్తున్నా. మొదటి రోజు పదిహేను వందల దాకా వచ్చింది, తర్వాత తగ్గుతూ తగ్గుతూ పదకొండు వందల దగ్గర నిలబడింది. మొదట్లో చీమలు చక్రానికి అలవాటు పడక అలా ఉండి ఉంటుంది."

ముసలాయన గడియారానికి దండం పెట్టినంత పని చేశాడు. మర్నాడే చచ్చిన మేకను తెప్పించి, దాని పక్కటెముకల మధ్య రాయి దూర్చి, చీమల గడియారం పక్కన పెట్టుకుని తీసి చూపించాడు. కోత, రాయి తీత, కుట్టు. అన్నీ అయ్యేసరికి పదహారు వందల పళ్ళు. ఇంకోసారి చేశాడు. పదిహేను వందల ఎనభై.

గవరయ్య చేతులు కడుక్కుని, మొగిలి మొహంలోకి చూడకుండా చెప్పాడు. "సరిపోదమ్మా. కుట్టు సగంలో ఉండగా తెరిపి వెళ్ళిపోతే నీ మొగుణ్ణి నా చేతులతో నేనే చంపినవాణ్ణవుతాను. నేను కొయ్యను."

"కొయ్యకపోతే?"

"అయిదారు రోజులు. ఆ పైన చెప్పలేను."

ఇన్నేళ్ళూ వెంటబడి వెంటబడి సంపాదించుకున్న అంకె ఆమె కొంపకే నిప్పు పెట్టింది. తెరిపి ఎంతో తెలియని రోజుల్లోనే అయితే గవరయ్య కళ్ళు మూసుకుని కోసి ఉండేవాడు. మొగిలి ఇంటికెలా నడిచి వచ్చిందో ఆమెకే తెలియదు.

ఇంట్లో అత్త ఈరమ్మ వసారాలో కూర్చుని జమ్ముగడ్డి పట్టీ అల్లుతోంది. తెరిపి అప్పుడే వచ్చింది. ఏడుమెట్లలో ఏ ఇంట్లో చూసినా ఇదే పని. తెరిపి రాగానే ఆడా మగా ఎవరో ఒకరు జమ్ము తీసుకుని నాలుగు వేళ్ళ వెడల్పు పట్టీ మొదలుపెడతారు, తెరిపి వెళ్ళగానే ముడేసి పక్కన పెడతారు. మర్నాడు కొత్త పట్టీ. ఏడాది తిరిగాక పట్టీలన్నీ పక్కపక్కన పెట్టి కుడితే తెరిపి చాప అవుతుంది. పెళ్ళికైనా పంచాయితీకైనా దాని మీదే కూర్చుంటారు. ఒక వైపు అంచు తిన్నగా ఉంటుంది, రెండో వైపు ఎలుక కొరికినట్టు ఎగుడుదిగుడుగా ఉంటుంది.

"ఏమన్నాడే వైద్యుడు?" అంది ఈరమ్మ చేతులు ఆపకుండా.

చంకలోని చీమల గడియారాన్ని కింద దించి, అలవాటు కొద్దీ దాని పళ్ళు లెక్కపెట్టుకుంటూనే మొగిలి చెప్పింది. చెప్తూ చెప్తూ నేల మీద కూలబడింది. లోపలి గదిలో కేదారి దగ్గు వినిపించింది. ఈరమ్మ కొడుకు గది వైపు ఒకసారి చూసి మళ్ళీ అల్లిక మీదకు వంగింది. ఇంతలో కాలవ చప్పుడు మొదలైంది, తెరిపి వెళ్ళిపోయింది.

ముసలామె పట్టీకి ముడి వేస్తూ విసుక్కుంది. "ఈమధ్య తెరిపి బొత్తిగా చాలట్లేదు. చూడు, మూరెడు కూడా రాలేదు. పక్కింటి పాప తల్లి కూడా అదే గోల, బిడ్డ పాలు తాగి కళ్ళు మూసేలోగానే చప్పుళ్ళు మొదలవుతున్నాయట."

ఇలాంటి మాటలు మొగిలి కొన్నాళ్ళ నుంచీ వింటూనే ఉంది. అంకె లేని మాటను చెవిన వేసుకోవడం ఆమెకు అలవాటు లేదు. ఇవాళ మాత్రం కన్నీళ్ళు తుడుచుకుంటూ, ఎటు చూడాలో తెలియక, అత్త పక్కన దొంతిగా పేర్చిన పట్టీల వైపు చూసింది. చూసి అలాగే ఉండిపోయింది.

"అత్తా, ఇవి రోజువారీ వరసలోనే ఉన్నాయా?"

"మరి? వరస తప్పితే చాప కుదురుతుందా?"

మొగిలి పట్టీలన్నీ నేల మీద పరిచింది. ఇరవై ఒక్క రోజుల కిందటి దాకా ప్రతి పట్టీ మూరన్నర, ఒకటి రెండు ఇంకా పొడవు. అక్కడి నుంచి మూరంబావు, ఆపైన మూర, తర్వాత మూర కన్నా తక్కువ. తెరిపిలో చీమల గడియారం లెక్క మొదలుపెట్టిన రోజు నుంచే. నడుమ మూడు పట్టీలు మాత్రం మళ్ళీ మూరన్నరకు లేచాయి. ఆ మూడు రోజులూ తను జ్వరంతో పడుకుంది, గడియారం మీద గుడ్డ కప్పి ఉంది.

అత్త అల్లే వేగం మారిందేమోనని ముందు అనుమానపడింది. పక్కింటికి పరిగెత్తింది. ఎదురింటికి పరిగెత్తింది. మూడిళ్ళ పట్టీలూ అదే కథ చెప్పాయి. ఈ చాపల మీదే తరతరాలుగా కూర్చుని పండితులు తెరిపి పొడవు గురించి జుట్టూ జుట్టూ పట్టుకున్నారు. కింద ఏం పరిచి ఉందో ఒక్కరూ చూసుకోలేదు.

ఇంకా నమ్మకం కుదరక మొగిలి రెండు రోజులు పణంగా పెట్టింది. మర్నాడు గడియారం ఎదుట కూర్చుని పళ్ళు లెక్కపెట్టింది. అత్త పట్టీ ముప్పాతిక మూర. ఆ మర్నాడు గడియారం జోలికి పోకుండా కేదారికి గంజి తాగిస్తూ కూర్చుంది. పట్టీ మూరన్నర దాటింది.

"నేను లెక్కపెడుతుంటే అది కుంచించుకుపోతోందత్తా" అంది. "ఎందుకో తెలీట్లేదు. మిగతా వేళల్లో సూరీళ్ళ నడకలో ఏ తేడా లేదు."

ఈరమ్మకు అందులో వింతేమీ కనిపించలేదు. "ఎదురుగా కూర్చుని ముద్దలు లెక్కపెడుతుంటే ఎవరు మాత్రం కడుపునిండా తింటారే? చుట్టం లాంటిది అది. సగం విస్తట్లోనే లేచిపోతుంది."

మొగిలికి నవ్వూ రాలేదు, కోపమూ రాలేదు. పోలన్న బొటనవేలు గుర్తొచ్చింది. అతని చేతిలో ముల్లు తీసింది ఎప్పుడు? తను లెక్క మొదలుపెట్టిన ఎనిమిదో రోజు.

ముందు పోలన్న ఇంటికే వెళ్ళింది. దాచకుండా అంతా చెప్పింది. పోలన్న వంగని వేలిని రెండో చేత్తో వంచబోయి చూశాడు.

"అంటే నీ చీమలు తిన్న వేలన్నమాట ఇది" అన్నాడు.

"అవునన్నా. నన్ను తిట్టు."

"తిడతాను. తీరిగ్గా తిడతాను. ముందెళ్ళి మీ ఆయన్ని బతికించుకో. వాడి సమ్మెట అరువు తెచ్చుకుని నా దగ్గరే ఉంచుకున్నా, వాడొచ్చి అడిగితేనే ఇస్తా."

అక్కడి నుంచి గవరయ్య దగ్గరకు. పట్టీల చుట్టను ఆయన ముందు విప్పి పరిచింది. ముసలాయన ఒక్కో పట్టీ తడిమి చూశాడు. మూడోసారి కూడా తడిమాడు.

"నమ్ముతానమ్మా. కానీ నువ్విచ్చిన అంకె పోతే నా చేతిలో ఇంకేం మిగిలింది? ఎంతసేపు ఉందనుకుని కొయ్యమంటావు?"

"నా అంకె లేనప్పుడు ఎలా కోసేవారో అలాగే కొయ్యండి."

"అప్పుడు భయం తెలీదు."

"ఇప్పుడు నాకూ తెలుసు భయం. మీకొక్కరికే కాదు" అంది మొగిలి. "మీ పక్కన గడియారం ఉంచను. మీరు నన్ను ఎంతసేపైంది అని అడగకూడదు. మీలో మీరు కూడా అడుక్కోకూడదు. చేతిలో పని ఏదో దాన్నే చూడండి. బావ నా మొగుడు, వైద్యులుగారూ. ఆలోచించకుండా చెప్తానా?"

గవరయ్య తన చేతుల వైపు చూసుకున్నాడు. "రేపు తీసుకురా" అన్నాడు.

మర్నాడు పొద్దున్నే మొగిలి చీమల గడియారాన్ని పెరట్లోకి తెచ్చింది. చక్రాల తలుపులు తీసింది. బెల్లం ముక్కలన్నీ దారాలు తెంపి నేల మీద పెట్టింది. పన్నెండు చీమలూ కాసేపు నమ్మనట్టు చుట్టూ తిరిగాయి, తర్వాత బెల్లం మీదికెక్కాయి. ఇన్నాళ్ళు నడిచినదానికి ఆ మాత్రం దక్కాలి వాటికి. ఖాళీ చక్రాలను ఇంట్లో అటకెక్కించింది.

వైద్యశాల ముందు రాతి దోనెలోంచి కాలవ నీళ్ళు తొట్టిలోకి పడుతుంటాయి. లోపల కేదారిని బల్ల మీద పడుకోబెట్టారు. మత్తు కషాయం తాగి అప్పటికే కళ్ళు మూతలు పడుతున్నాయి.

"భయంగా ఉందా?" అన్నాడు భార్యతో.

"చచ్చేంత."

"నాకూ" అని కళ్ళు మూసుకున్నాడు.

బయట నీళ్ళ చప్పుడు ఆగింది. తొట్టికీ దోనెకూ మధ్య నీళ్ళు గాజు కడ్డీలా నిలబడిపోయాయి. గవరయ్య తలుపు వేసుకున్నాడు.

వైద్యశాల వసారాలో ఈరమ్మ జమ్ము తీసింది. మొగిలి పక్కనే కూర్చుని గోడకు ఆనుకుంది. లెక్కపెట్టకూడదు అనుకుంది. అనుకున్న మరుక్షణమే అత్త చేతుల్లో జమ్ము ఒకదాని మీదికొకటి దాటడం కనిపించింది. ఒకటి. రెండు. మూడు. చూపు తిప్పేసుకుంది. చెవుల్లో గుండె కొట్టుకుంటోంది. ఒకటి. రెండు. కళ్ళు మూసుకుంటే ఊపిరి ఉంది, తీస్తే ఎదురుగోడ మీద ఇటుకలున్నాయి. ముప్పై ఏళ్ళ అలవాటు, ఆపితే ఆగుతుందా? లోపల గవరయ్య కత్తి కేదారి ఎముకల మధ్య ఉంది. ఇక్కడ తను ఒక్కో అంకెతో ఆ తెరిపిని తరిమేస్తోంది.

"పెదాలు కదులుతున్నాయేంటే?" అంది ఈరమ్మ.

"ఆగట్లేదత్తా. నా వల్ల కావట్లేదు. నేను ఊరవతలికి పోతాను."

"పోతే అక్కడ అడుగులు లెక్కపెడతావు. ఇలా పట్టు." ముసలామె గుప్పెడు జమ్ము కోడలి ఒళ్ళో పడేసింది. "అల్లు."

"నాకు రాదు కదా."

"రాదు కాబట్టే అల్లమంటున్నా. రెండు కింద నుంచి, ఒకటి పైనుంచి. కాదు, అది కాదు, నీ మొహం, ఆ పుల్ల కాదు."

మొగిలి అల్లింది. విప్పింది. మళ్ళీ అల్లింది. చిన్న చిన్న పళ్ళచక్రాలు కళ్ళు మూసుకుని చెక్కే వేళ్ళు జమ్ము దగ్గర మొద్దుబారిపోయాయి. ఏ పుల్ల ఎటు పోతోందో చూసుకోవడానికే బుర్ర చాలట్లేదు.

"మీ ఆయనకూ రాదులే ఇది" అంది ఈరమ్మ. "ఏడేళ్ళప్పుడు, ఒకసారి వానలో తెరిపి వచ్చింది. చినుకులన్నీ గాల్లో నిలబడిపోయాయి. వీడు బయటికి పరిగెత్తి వాటిని రేక్కాయలు కోసినట్టు కోసి లాగు జేబుల నిండా పోసుకొచ్చాడు. నాకు దాచిపెట్టాడట. వచ్చి చుట్టాల మధ్య దర్జాగా నిలబడ్డాడు. తెరిపి వెళ్ళిపోయింది."

"అయ్యో!"

"అయ్యో ఏంటి, లాగంతా తడిసి కాళ్ళెంట కారింది. అందరూ ఇంకోలా అనుకున్నారు. వీడు వానమ్మా వానమ్మా అని ఏడుపు. ఎవరు నమ్ముతారు?"

మొగిలి ఫక్కున నవ్వింది. నవ్వుతూనే ఏడ్చింది. చేతిలో పట్టీ ఒక పక్కకు వంకర తిరిగిపోయింది, దాన్ని సరిచేద్దామని ఇంకో నాలుగు పుల్లలు చేర్చింది, అది ఇంకో వంకర పోయింది. అత్త చూసి చీవాట్లు పెట్టింది. చుట్టాల పేర్లు చెప్పింది. ఆ లాగు రంగు చెప్పింది. ఇద్దరూ ఆ రంగు గురించి వాదించుకున్నారు.

తలుపు తెరుచుకున్న చప్పుడైంది.

గవరయ్య గడపలో నిలబడి ఉన్నాడు. చేతులు మోచేతుల దాకా ఎర్రగా ఉన్నాయి, ఒక్క చుక్కా కారట్లేదు. అరచేతిలో గోరంత రాతి ముక్క.

మొగిలి లేచింది. ఈరమ్మే అడిగింది. "కుట్టు?"

"పడింది. రెండు వరసలు వేశా. కట్టు కూడా కట్టా." ముసలాయన చేతులు ఇప్పుడు వణకట్లేదు. "నిద్రపోతున్నాడు."

ముగ్గురూ ఒకేసారి దోనె వైపు చూశారు. నీళ్ళు ఇంకా అలాగే నిలబడి ఉన్నాయి. పని అయిపోయినా తెరిపి ఇంకా వెళ్ళలేదు. గవరయ్య తొట్టి దగ్గరకు వెళ్ళి, చేతులు ముంచి, రుద్దుకుని, తీరిగ్గా తుడుచుకున్నాడు. మొగిలి లోపలికి పోయి కేదారి నుదుటి మీద చెయ్యి వేసింది. వెచ్చగా, మామూలుగా ఉంది. అతని పక్కన నేల మీద కూర్చుని బల్లకు తల ఆనించింది. ఏడాదిగా భుజాల మీద మోస్తున్న బరువేదో దిగిపోయినట్టయి, అలాగే కునుకు పట్టింది. నీళ్ళ చప్పుడు మళ్ళీ ఎప్పుడు మొదలైందో ఆమె వినలేదు.

కేదారి మర్నాడు పొద్దున ఇంట్లో తన మంచం మీద కళ్ళు తెరిచాడు. అమ్మ పెట్టిన జావ నాలుగు చెంచాలు తాగాడు. బయట వసారాలో పోలన్న సమ్మెట ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉన్నాడు. బొటనవేలితో పనిలేకుండా పట్టుకునే పిడి ఒకటి చేసిస్తానని మొగిలి మాటిచ్చింది, దాని కోసం కొలతలు ఇస్తూ ఆమెను తీరిగ్గా తిడుతున్నాడు. ఈరమ్మ నిన్నటి పట్టీలు రెండూ దొంతి మీద పెట్టింది. తనది పొడవుగా, నున్నగా ఉంది. కోడలిది పాము మెలికలు తిరిగినట్టుంది. విప్పేస్తానని మొగిలి ఎంత బతిమాలినా ఒప్పుకోలేదు, ఆ రోజు పట్టీ కూడా చాపలో ఉండి తీరాల్సిందేనంది.

మొగిలి లోపలికి వచ్చి మంచం అంచున కూర్చుంది. కేదారి ఆమె చెయ్యి అందుకున్నాడు.

"ఎంతసేపు పట్టిందేం, నన్ను కొయ్యడానికి?"

"ఏమో, బావా."

కేదారి భార్య మొహంలోకి వింతగా చూశాడు. పన్నెండేళ్ళ కాపురంలో ఆ మాట ఆమె నోట వినడం అదే మొదలు. నవ్వబోయాడు, కుట్లు లాగాయి, పక్క పట్టుకుని మూలిగాడు. అయినా ఊరుకోలేదు.

"ఏంటీ? మళ్ళీ అను."

"ఏమో" అంది మొగిలి నవ్వుతూ, అతని దుప్పటి సర్దుతూ. "నాకేం తెలుసు? ఏమో!"